చర్చి గచ్చు కింద మా పై మట్టి

ఫోన్ చేసింది ఆశీర్వాదం గారు. నర్సీపట్నంలో మా చర్చి కమిటీకి పెద్ద, మా నాన్నకి బాగా తెలిసిన మనిషి. "అమ్మా, గుడిలో గచ్చు తవ్వించేస్తన్నాం, టైల్స్ ఏయిద్దావని. మీ మామ్మగారి మట్టి బయటికొచ్చింది. శనారం లోపల తియ్యకపోతే రోడ్డు పక్క గోతిలో పోసీమంటన్నారు కుర్రోళ్ళు. ఓపాలి వచ్చి సూసుకుంటారేటి?" అన్నారు. మట్టిని చూసుకోడానికి ఎవరైనా విశాఖపట్నం నుంచి బస్సెక్కి వస్తారా అని చిరాకు పడ్డాను. చిరాకు పడుతూనే నాన్న ట్రంకుపెట్టె తెరిచి, ఆయన నల్ల అట్ట పుస్తకం తీసి సంచిలో వేసుకున్నాను. మర్నాడు పొద్దున్నే నర్సీపట్నం బస్సులో ఉన్నాను.

చర్చి బల్లలన్నీ బయట టార్పాలిన్ కింద పెట్టారు. లోపల గచ్చు పెచ్చులు పెచ్చులుగా లేచిపోయి ఉంది. గోడ పక్కన నల్లగా ఒక కుప్ప. తాపీమేస్త్రి నన్ను కమిటీ మనిషి అనుకున్నట్టున్నాడు, చూడగానే మొదలుపెట్టాడు. "ఎవడండీ బాబూ బేస్‌మెంటులోకి పొలం మట్టి పోసినోడు? బుర్రున్నోడు సేసే పనేనా? గ్రావెల్ పొయ్యాల గాని! ఈ మట్టి తడికి ఉబ్బుతాది, ఎండకి కుంగుతాది. వేళ్ళూ దుబ్బులూ కుళ్ళిపోయి లోపలంతా బొక్కలు. గచ్చు పగలదేటి మరి? బల్లలకి సెదలు పట్టవేటి?" ఆశీర్వాదం గారు అటు తిరిగి దగ్గారు. "పోసింది మా మామ్మ" అన్నాను. మేస్త్రి నాలిక కరుచుకుని, "పెద్దోళ్ళు కదండీ, తెలీక పోసుంటారు" అన్నాడు. తెలీక కాదు. మంచి మట్టని తెలిసే పోసింది. మా గొడవంతా అక్కడే ఉంది.

గుప్పెడు తీసి వాసన చూశాను. ఏ వాసనా లేదు. తడి మట్టి అంటే మా ఇంట్లో వాసనతోనే పోల్చుకునేవాళ్ళం. మా నాన్న ప్రభుత్వంలో భూసార సర్వే ఆఫీసులో చిన్న ఉద్యోగి. ఆయన పని పొలాల్లో గోతులు తవ్వించడం, గోతిలో దిగి గోడ మీద పొరలు కొలవడం, పొరకో సంచి చొప్పున మట్టి నింపి, చీటీ కట్టి పంపడం. సైకిల్ వెనక గునపం, పార, ఒక టేపు, నీళ్ళ సీసా. ఆ సంచులు ఆఫీసుకి వెళ్ళేదాకా మా వీధి వరండాలో ఆరేవి. రావికమతం భూముల ఎరుపు ఒక పక్క, చెరువు కింద భూముల బూడిదరంగు ఒక పక్క. మేం చెప్పులు విడిచే చోటు ఉండేది కాదు. పక్కింటివాళ్ళు పప్పులు ఆరబోసుకుంటే మేం మట్టి ఆరబోసుకునేవాళ్ళం. "ఆళ్ళ నాన్న మట్టికి జీతం తీసుకుంటాడట" అని బడిలో పిల్లలు నవ్వేవాళ్ళు. నాకు ఏడుపొచ్చేది. నాన్నకి చెబితే ఆయన కూడా నవ్వి, "నిజమే కదే" అనేవాడు.

అమ్మ ఆసుపత్రిలో ఆయా పనికి తెల్లారకుండానే వెళ్ళిపోయేది కనుక ఇల్లు మామ్మ చేతిలో ఉండేది. మామ్మ అంటే నాన్న తల్లి, పేరు సంతోషమ్మ. ఆ పేరు ఎవరు పెట్టారోగాని ఆవిడ నవ్వగా చూసింది తక్కువ. పొద్దున్నే పొయ్యి మీద చోడంబలి, అంటే రాగి అంబలి, ఆ పొయ్యి పక్కనే పీట మీద మామ్మ, నిప్పు వైపు నోట్లోకి పెట్టుకున్న అడ్డపొగ చుట్ట. పాస్టరు గారి కేక వీధిలో వినబడితే చుట్ట బూడిదలో దూరేది, నోట్లోకి లవంగం వచ్చేది. బియ్యం కడిగే ముందు మాత్రం చుట్ట తీసి పక్కన పెట్టి, కళ్ళు మూసుకుని, ఒక పిడికెడు బియ్యం తీసి గుడి డబ్బాలో వేసేది. పిడికెడు బియ్యం మా వాళ్ళందరి ఇళ్ళలోనూ ఉన్నదే, మామ్మ తీసే పద్ధతి మాత్రం వేరు. నూకలూ మెరికలూ ఏరి పారేసి, మంచి గింజలే వేసేది. చెట్టు మొదటి జామకాయ, కోడి మొదటి గుడ్డు, పాదు మొదటి ఆనపకాయ గుడికే. పుచ్చిపోయినవి మాకు. "దేవుడికి మేలైందే ఇయ్యాల గుంటా. మిగిలింది మనం తింటే సాలు" అనేది. ఆకలి మీద ఉన్న పిల్లకి ఈ మాట ఎంత ఒళ్ళు మండించేదో దేవుడికి తెలుసో లేదో.

రోలుగుంట వెళ్ళే దారిలో, కొండ కింద మాకొక ఎకరం ఉండేది. మా తాత కొండ రాళ్ళు ఏరి, వాలుకి అడ్డంగా గట్లు పేర్చాడు. వానకి కొండ మీంచి వచ్చిన ఒండ్రు ఆ గట్ల వెనక ఆగి, ఆకూ అలమా కలిసి, ఏళ్ళ మీద జానెడు నల్లమట్టి అయింది. చోళ్ళు, కందులు, గట్ల మీద గోంగూర. ఒక వేసవి సెలవుల్లో నాన్న నన్ను ఆ పొలంలో గోతిలోకి దించాడు. నా తల మునిగే లోతు. గోడ మీద చెయ్యి వేయించి కిందనుంచి పైకి చూపించాడు. అడుగున చారలు చారలుగా తెల్లగా, పచ్చగా, గోటితో గీస్తే రాలిపోయే రాయి. "ఇది కుళ్ళిన రాయి. కొండకి ముక్క. ఎండకి ఉబ్బి, వానకి నాని, పగిలి పగిలి ఇలగైపోయింది" అన్నాడు. దాని మీద గులకతో కలిసిన ఎర్రమట్టి. రాయిలో ఉన్న ఇనుమే తుప్పు పట్టి ఎర్రబడిందట. వాన నీళ్ళు పైనున్న జిగటని కిందకి దింపుతూ ఉంటాయట, అందుకే ఆ పొర పట్టుకుంటే వేళ్ళకి అంటుకుంటుంది. అన్నిటి మీదా దుప్పటి కప్పినట్టు నల్లటి పొర, అందులో దారాల్లా వేళ్ళు, వానపాముల బొరియలు.

"ఈ పైదొక్కటే తిండి పెట్టేది. కింద ఎంత లోతున్నా పంటకి అక్కర్లేదు" అన్నాడు నాన్న. అదే కొండ, అదే వాన అయినా, వాలులో పైనున్న రైతుకి బెత్తెడే మట్టి, కింద మనకి జానెడు ఎందుకో చెప్పాడు. వాలు ఇచ్చేదీ తీసేదీ నీళ్ళ చేతే. రాయి ఏదో, వానెంతో, వాలెటో, మీద ఏం మొలిచి ఏం చచ్చిందో, ఇవన్నీ కుదిరాక కూడా ఇంకొకటి కావాలి. "అదేటి?" అన్నాను. "కాలం. అది మన సేతిలో నేదు" అన్నాడు. రాత్రి అన్నాల దగ్గర ఇదే మళ్ళీ ఎత్తితే మామ్మ ఊరుకోలేదు. "దేవుడు ఒక్క మాటతో సేసీసినదానికి ఇన్ని లెక్కలేటిరా?" అంది. "సేసీసేడు గానమ్మా, ఇంకా సేస్తన్నాడు కూడాను. పని అవలేదు" అన్నాడు నాన్న. మామ్మ ఆ పూట చారు లేకుండానే లేచిపోయింది.

ఆ తరవాతి సంవత్సరం పరీక్షలో మట్టి ఎలా ఏర్పడుతుందో రాయమన్నారు. గోతిలో చూసిందంతా రాసేశాను. మా సైన్సు టీచరు నా పేపరు క్లాసులో చదివి వినిపించారు. ఇది గొప్పకి చెప్పడంలేదు. అంత బాగా రాసిన మనిషిని కొద్ది నెలల్లో ఏం చేశానో తెలియాలంటే ముందు ఇది తెలియాలి.

కొత్త చర్చికి గోడల పునాదులు లేచాక, బేస్‌మెంటు నింపడానికి డబ్బులు చాలలేదు. ఒక ఆదివారం పాస్టరు గారు, ప్రతి కుటుంబమూ తమ చేతనైనంత మట్టి తెచ్చి నింపాలని చెప్పారు. మట్టి అంటే ఏ మట్టో ఆయన చెప్పలేదు. అందరికీ తెలుసనుకున్నారేమో. కొందరు చెరువు గట్టు నుంచి తెచ్చారు, కొందరు కొండ తవ్విన గులక తెచ్చారు, తేవలసింది అదే. మామ్మ ఆ గులక చూసి మొహం చిట్లించుకుంది. "దేవుడి పాదాల కింద రాళ్ళు పోస్తారేటి? సిగ్గు నేదా?" అని పైకే అంది. నాన్న అప్పుడు ఏజెన్సీ వైపు సర్వే క్యాంపుకి వెళ్ళి ఉన్నాడు. ఊళ్ళవాళ్ళకి మట్టి విలువ చెప్పడానికి వెళ్ళిన మనిషి ఇంట్లో తల్లికి చెప్పలేదు. ఊరందరికీ శకునం చెప్పిన బల్లి కుడితి తొట్టిలో పడ్డట్టయింది మా పని.

సోమవారం తెల్లారేసరికి మామ్మ నలుగురు ఆడవాళ్ళని, మూడు నాటుబళ్ళని మాట్లాడింది. పొలంలో చోళ్ళు కోసేశాక ఉన్న నేల. పారలతో పై పొర చెక్కి తట్టలకెత్తారు. ఎరుపు తగలగానే, "సాలు, ఆపండి. నల్లదే తియ్యండి, ఎర్రది వద్దు" అని మామ్మ గట్టు మీద నిలబడి కేకలేస్తోంది. నాన్న చెప్పిన పొరలు ఆవిడకి బాగానే అర్థమయ్యాయి. ఏది మేలో తెలుసుకుంది, తెలుసుకుని అదే ఇచ్చింది. వారం రోజులు బళ్ళు తిరిగాయి. బడి లేని రోజు నేనూ వెళ్ళాను. తట్ట మోశాను. పరీక్షలో పై పొర గురించి రాసింది నేనే కదా, ఒక్కసారైనా "మామ్మా, ఇది తీస్తే మళ్ళీ రాదు" అన్నానా? లేదు. బండి మీద మట్టి పైన కూర్చుని, గుడిదాకా పాటలు పాడుకుంటూ వచ్చాను. దారిలో జనం చూస్తుంటే గొప్పగా ఉండింది. పాస్టరు గారు మామ్మ పేరు చెప్పి ప్రార్థన చేసినప్పుడు ఆవిడ తల మీద కొంగు సవరించుకుంది. ఆవిడ నవ్వగా చూసిన కొద్ది సందర్భాల్లో అదొకటి.

నాన్న క్యాంపు నుంచి వచ్చి, సైకిల్ దిగకుండానే పొలానికి వెళ్ళి వచ్చాడు. ఎవరు చెప్పారోగాని. వచ్చి కాళ్ళు కడుక్కుని, అంబలి తాగి పడుకున్నాడు. మర్నాడు నన్ను తీసుకుని వెళ్ళి, తనే గునపంతో గొయ్యి తవ్వి, టేపు పెట్టి, నల్ల అట్ట పుస్తకం తీసి ఆఫీసులో రాసినట్టే రాశాడు. ఆయన భుజం మీంచి చదివాను. "పై పొర – లేదు." అంతే. నాకు దుఃఖం కంటే కోపం ముందు వచ్చింది. "మామ్మని అడుగు నాన్నా! కేకలెయ్యి!" అన్నాను. "కేకలేస్తే ఎనక్కొస్తాదేటి? గుడి కింద నుంచి తవ్వి తెచ్చుకుంటామేటి? మామ్మకి సెప్పకు" అన్నాడు. పుస్తకం లాక్కుని మూసి విసిరేశాను. ఆయన తీసుకుని, దుమ్ము దులిపి జేబులో పెట్టుకున్నాడు. ఆ పుస్తకం నేను మళ్ళీ తెరవలేదు.

తరవాతి వానలకి చోళ్ళు జానెడు కూడా లేవలేదు. వాన పడితే నీళ్ళు ఇంకకుండా ఎర్రగా పారిపోయేవి, పొలమంతా చారికలు కోసింది. మామ్మ "దేవుడు పరీక్ష పెడతన్నాడు" అనేది. నాన్న పళ్ళెంలోకి చూసుకుంటూ తినేవాడు. నేను పళ్ళు కొరుక్కునేదాన్ని. రెండేళ్ళు ఇలా గడిచాయి. ఈలోపు గుడి గచ్చు బీటలిచ్చింది. కమిటీ మేస్త్రిని తిట్టింది, మేస్త్రి సిమెంటుని తిట్టాడు. అసలు సంగతి తెలిసిన మనిషి మూడో బల్ల మీద తల వంచుకుని కూర్చున్నాడు, ఆయన పక్కన నేను. నోట్లో నువ్వుగింజ నానని నేను రెండేళ్ళు ఆగడం నా జీవితంలో అదే మొదలు, అదే ఆఖరు.

కోతపండుగ వచ్చింది. అందరూ తమ పొలంలో పండినవి తెచ్చి గుడిలో పాస్టరు గారి బల్ల ముందు పెడతారు, తరవాత వేలం పాడతారు. మామ్మ ముందురోజు సంతకి వెళ్ళి గుమ్మడికాయ కొనుక్కొచ్చింది. పొద్దున్నే దాన్ని కడిగి, తొడిమకి కాస్త మట్టి రాసింది, అప్పుడే పాదు నుంచి కోసినట్టు ఉండాలని. ఆ మట్టి రాయడం చూశాను. గుడి నుంచి ఇంటికొచ్చాక, చుట్ట వెలిగించుకుంటూ "ఏ యేడూ ఒట్టి సేతుల్తో ఎల్లలేదు" అని తనలో తను అనుకుంది. అప్పుడు నాకు తిక్క లేచింది. "కొనుక్కొచ్చి పెడితే పండినట్టా? మన పొలం ఎందుకు చచ్చిందో తెలుసా? పైనున్న నల్లమట్టంతా నువ్వు గుడిలో పోసేశావు. అది మళ్ళీ రాదు. గచ్చు పగిలింది కూడా ఆ మట్టి వల్లే. గులక పొయ్యాల్సింది నువ్వు. పొలమూ నాశనం, గుడీ నాశనం!" అని అరిచేశాను. నాన్న "ఒసే!" అన్నాడు. అప్పటికే అంతా అయిపోయింది.

మామ్మ చుట్ట నిప్పు నేలకేసి ఆర్పింది. నాన్న వైపు తిరిగింది. "నిజవేనేట్రా?" అంది. నాన్న అబద్ధం చెప్పలేడు, అదే ఆయన జబ్బు. తల ఊపాడు. "మరి నాకు సెప్పలేదేటి?" "ఇచ్చేసినాక సెప్తే ఏటొస్తాదమ్మా?" మామ్మ, "మళ్ళీ రాదా?" అంది. నాన్న అప్పుడు ఒక తట్టకి సరిపడా మాటలు చెప్పాడు. రాయి ఉంది, వానుంది, వాలు ఉంది, గట్లున్నాయి. మన్ను పుట్టడం ఆగదు. ఆకూ పెంటా పోసి, కొట్టుకుపోకుండా కాస్తే వస్తుంది. "ఎన్నాళ్ళకి?" "తెలీదమ్మా. పైన పోసింది పెంటే. అది కింద మట్టితో కలిసి ఒకటైతే పొర. అలా ఐన రోజున పుస్తకంలో రాస్తాను. రాసినాక నీకు సెప్తాను." పండుగ పూట ఇంట్లో ఎవరూ అన్నం తినలేదు. నాకైతే ఆకలేసింది, అడగడానికి మొహం చెల్లలేదు.

ఆ శనివారం నుంచి మొదలైంది. బియ్యం డబ్బా పక్కన ఇంకో తట్ట వచ్చింది. బూడిద, కూరల తుక్కు, పక్కవాళ్ళ పశువుల పాకలో పేడ, వేపాకు, చింతాకు వారమంతా పోగేసి, గోనెసంచిలో కుక్కి, శనివారం పొద్దున్న రోలుగుంట వైపు వెళ్ళే ఆటోలో పెట్టించేది. పొలమంతా తన వల్ల కాదని, కింద మూల ఒక గదంత చోటు ఎంచుకుని, చుట్టూ రాళ్ళు పేర్చింది. వెళ్ళడం, పొయ్యడం, కుండతో నీళ్ళు చల్లడం, తిరిగి రావడం. నేను అప్పటికి డిగ్రీ కాలేజీలో చేరాను. మా కాలేజీ పిల్లలు ఎక్కే ఆటోలోనే మామ్మ, ఆవిడ ఒళ్ళో పేడ కారుతున్న సంచి. "ఏటి మామ్మా ఈ కంపు? బండి ఎక్కినోళ్ళు దిగిపోతన్నారు" అని డ్రైవరు గోల. "దించీ నాయినా, బేగి దించీసి ఎల్లు" అని మామ్మ. నేను ఎవరో తెలియనట్టు అటు తిరిగి కూర్చునేదాన్ని. చెప్పడానికి సిగ్గుగా ఉంది గాని, ఒకసారి కాదు, చాలాసార్లు అలా కూర్చున్నాను.

ప్రతి ఏడూ తొలకరి అయ్యాక నాన్న ఆ మూల చిన్న గొయ్యి తీసి కొలిచేవాడు. మామ్మ ఇంటి దగ్గర గుమ్మంలో కూర్చుని ఉండేది. సైకిల్ స్టాండు వేసీ వెయ్యకముందే, "ఏరా, రాసీవా?" "ఇంకా నేదమ్మా." "సర్లే" అని లోపలికి వెళ్ళేది. ఈ మూడు మాటలే ఏటేటా. వింటుంటే నా ఒళ్ళు మండిపోయేది. ఒక ఏడు నాన్నని పెరట్లోకి లాక్కెళ్ళి అడిగాను. "ఉందని ఒక్కసారి చెప్తే నీ గవర్నమెంటు పడిపోతుందా? ఆవిడ పుస్తకం చూస్తుందా, చదవడం వచ్చా?" అన్నాను. "సదవక్కర్లేదే. ఏలెట్టి సూస్తాది. నా మాటకంటే ఆవిడ ఏలు బాగా సెప్తాది. అబద్ధవని తెలిస్తే ఇంక ఎల్లదు" అన్నాడు. ఆ మాటలో నిజం ఉంది. ఉన్నా నాకు నచ్చలేదు, ఇప్పటికీ నచ్చదు.

మామ్మకి నడుం వంగింది. సంచి చిన్నదైంది, చివరికి చేతిసంచి అయింది, ఆటోలో ఇప్పుడు ఎవరూ కంపు అనేవాళ్ళు కాదు. ఊరు మారుతోంది. సెల్‌ఫోన్లు వచ్చాయి, మా చుట్టుపక్కల పొలాల్లో తెల్లరాళ్ళు పాతి ప్లాట్లు అన్నారు. నాకు ఉద్యోగం వచ్చి విశాఖపట్నం వెళ్ళిపోయాను. మామ్మ మంచం పట్టిన ఏడు తొలకరికి నేను ఇంట్లోనే ఉన్నాను. నాన్న పొలం నుంచి వచ్చాడు. మామ్మ మంచం మీంచే, గొంతు పెగలక, చేత్తో రాసినట్టు సైగ చేసింది. నేను నాన్న కళ్ళలోకి చూశాను. ఈ ఒక్కసారికి అని కళ్ళతోనే బతిమాలాను. ఆయన మంచం పక్కన కూర్చుని, ఆవిడ చెయ్యి పట్టుకుని, "ఇంకా నేదమ్మా" అన్నాడు. మామ్మ పెదాలు కదిలాయి. "సర్లే" అనే అయి ఉంటుంది. ఆ నెల దాటలేదు. నాన్నతో నేను చాలాకాలం సరిగ్గా మాట్లాడలేదు. ఆయనా పోయి ఇప్పటికి కొన్నేళ్ళయింది.

ఇదంతా తలుచుకుంటూ నల్లకుప్ప ముందు ఎంతసేపు నిలబడ్డానో గాని, ఆశీర్వాదం గారే అడిగారు. "ఏటి సెయ్యమంటారమ్మా?" "మా పొలంలో పోయించేస్తాను" అన్నాను. అంతకుముందు క్షణం దాకా ఆ ఆలోచన లేదు. వెంటనే ట్రాక్టరు దొరికింది. డ్రైవరుకి దారి చెప్పి, నేను ముందు ఆటోలో వెళ్ళాను. మా ఎకరానికి అటూ ఇటూ ప్లాట్ల రాళ్ళు. మాది మాత్రం ఎర్రగా, గులకగా, పిచ్చి తుమ్మతో అలాగే ఉంది. తాత పేర్చిన గట్ల మీద కూర్చుని, మట్టి ఎంత మందాన పరిస్తే సరిపోతుందో చూద్దామని నాన్న పుస్తకం తెరిచాను. విసిరేసిన రోజు తరవాత తెరవడం అదే.

"పై పొర – లేదు." ఆ పేజీ తెలుసు. దాని తరవాత ఏటికొక పేజీ. "కింద మూల. పై పొర – లేదు. ఆకు కుళ్ళలేదు, చెదలు తినేశాయి." "కింద మూల. పై పొర – లేదు. పెద్ద వానకి సగం కొట్టుకుపోయింది. అమ్మ రాళ్ళు మళ్ళీ పేర్చింది." "పై పొర – లేదు. గడ్డి మొలిచింది." "పై పొర – లేదు. వానపాములు – లేవు." ఆఫీసు కాగితంలా ఒకటే చేతిరాత, ఎక్కడా ఒక అక్షరం వణకలేదు. మామ్మ పోయిన ఏడు కూడా అంతే. పేజీ తిప్పాను. ఆ మరుసటి ఏడు. "కింద మూల. పై పొర – గోరంత. మట్టితో కలిసింది. వానపాములు – రెండు. అమ్మ చూడలేదు." ఆ చివరి మాట కింద గీత గీసి ఉంది. తరవాత పేజీలన్నీ ఖాళీ. మళ్ళీ కొలవలేదు ఆయన.

గట్టు మీద కూర్చుని గట్టిగా ఏడ్చాను. ఎవరి మీద కోపపడాలో తెలియక ఏడ్చాను. మామ్మకి చేదు నిజం అరిచి చెప్పడానికి నేనున్నాను. మంచి నిజం చెప్పడానికి ఒక్క ఏడాది తక్కువైంది. నాన్న నాకైనా చెప్పవచ్చు కదా? ఆయనతో మాట్లాడటం మానేసింది నేనే కదా, ఎలా చెబుతాడు? ఈ కాలంలో ఒక లేఅవుట్‌ని చదును చెయ్యడానికి యంత్రానికి ఒక పూట చాలు. ఆ రోజుల్లో మాకూ వారమే పట్టింది, పెద్ద తేడా ఏం లేదు. తీసెయ్యడం ఎప్పుడూ బేగి అయ్యే పనే. కింద మూలకి వెళ్ళి, మామ్మ రాళ్ళ మధ్య కూర్చుని చూపుడువేలు గుచ్చాను. మెత్తగా దిగింది. రెండో కణుపు దాకా దిగి, గులక తగిలి ఆగింది. వేలు తీసి వాసన చూశాను. మా వీధి వరండా వాసన.

ట్రాక్టరు వచ్చింది. డ్రైవరు పొలమంతా కలియచూసి, ఇంజను ఆపకుండానే అరిచాడు. "మిగతాదంతా రాళ్ళూ తుప్పలూను. ఆ కింద మూల సదునుగా ఖాళీగా ఉంది కదండీ, అక్కడ పోసీమంటారేటి?"

"అక్కడొద్దు బాబూ" అన్నాను. "అక్కడ ఉంది."